ఓడ వైపు చూసిన మనిషి

ఇద్దరు కూర్చున్నారు, ఒకడు పడుకుని ఉన్నాడు, టార్బెల్ రేవుకే తెస్తున్నా, అంబులెన్సును పిలవండి. రేడియోలో వాన్ ఆలీ చెప్పింది అంతే, ఆ తర్వాత గరగర, కాసేపటికి అదీ లేదు. పేర్లు చెప్పలేదు. చెప్పడు. ఈ తీరంలో ఎవరూ రేడియోలో పేరు చెప్పరు, ఎక్కడున్నారో చెప్పరు, బోనుల్లో ఎన్ని లాబ్‌స్టర్లు పడ్డాయో చెప్పరు, ఎందుకంటే అఖాతంలో ఉన్న ప్రతి పడవలోనూ ఎవడో ఒకడు చెవి ఒగ్గి వింటూనే ఉంటాడు. మా తాతల నాటి అలవాటు, నేను కూడా మెచ్చుకున్న అలవాటే, నోరు జారని మగవాళ్లు మావాళ్లు అని. ఇవాళ ఆ అలవాటే నా ప్రాణం తోడేస్తోంది. నిన్న మధ్యాహ్నం నుంచి కనిపించనిది ముగ్గురు పిల్లలు. ఒకడు నా కోల్బీ, పదిహేనేళ్లవాడు. మిగతా ఇద్దరూ వాన్ కొడుకులే, పెద్దవాడు ఎబెన్, చిన్నవాడు డ్వైట్. కూర్చున్న ఇద్దరూ ఆ అన్నదమ్ములే అయితే? తన పిల్లలిద్దరూ కళ్లెదుట కూర్చుని ఉంటేనే కదా ఒక తండ్రి గొంతు అంత నిదానంగా ఉండేది. కాదు కాదు, వాన్ గొంతు ఎప్పుడూ అంతే, పడవ మునుగుతున్నా వాతావరణం చెప్పినట్టే చెబుతాడు. కానీ ఇవాళ్టికి ముందు ఆ గొంతు విని చాలా కాలమైంది. నా మొగుడు మెరిల్‌కీ వాన్‌కీ మాటల్లేక రెండేళ్లు దాటింది. అఖాతానికి ఇటు టార్బెల్‌లో మేము, అటు వాన్ వాళ్ల కోరిస్ రేవు, మధ్యలో ఎవరి బోనులు ఎక్కడ దించాలన్న తగువు. ఆ మనిషి పడవలో ఇప్పుడు నా కొడుకు ఒంటరిగా ఉన్నాడు, కూర్చునో, పడుకునో.

"కూర్చోవే లోర్నా, నువ్వు నిలబడితే పడవ తొందరగా వస్తుందా?" అన్నాడు హోలిస్ బాబాయ్, చేపలవాళ్ల సొసైటీ గదిలో రేడియో చూసుకునేది ఆయనే. "మళ్లీ పిలువు బాబాయ్, పేరు అడుగు," అన్నాను. "అడిగానమ్మా. పలకడం లేదు. దీవి అడ్డమొచ్చి ఉంటుంది." ఆయన రేడియో వైపు చూశాడు తప్ప నా వైపు చూడలేదు, ఆ చూడకపోవడంలో ఏదో ఉందనిపించింది, ఆయనకు తెలుసేమో, విన్నాడేమో, నాకు చెప్పడం లేదేమో. గదిలో ఉంటే పిచ్చెక్కేలా ఉందని బయటికి వచ్చేశాను. రేవు చివరి దాకా పొగమంచు, చివర తర్వాత ఇక లోకమే లేదు, తెల్లటి గోడ, ఆ గోడ లోపల ఎక్కడో నీళ్ల మీద తేలే గంట బోయా మోగుతోంది, అలను బట్టి ఒకసారి మెల్లగా ఒకసారి గట్టిగా. జూన్ నెలైనా నీళ్లు మంచులాగే ఉంటాయి, పడితే ఎంతసేపు బతుకుతారో ఇక్కడ చిన్నపిల్లలకు కూడా తెలుసు, మా నాన్న ఈత ఎందుకు నేర్పలేదని అడిగితే, ఈత వస్తే కాస్త ఎక్కువసేపు బాధపడతావు, అంతే తేడా అన్నాడు. ఎర పీపా ఒకటి బోర్లించి ఉంటే దాని మీద కూర్చున్నాను. చేతిసంచి ఒళ్లో పెట్టుకుంటే లోపల గట్టిగా తగిలింది, కోల్బీ పుస్తకం. నిన్న సాయంత్రం వాడు రాలేదని తెలిశాక వాడి గదిలోకి వెళ్లి మంచం మీద ఉన్నదాన్ని తీసి సంచిలో పడేసుకున్నాను, వాడిది ఏదో ఒకటి చేతిలో ఉండాలని, అంతకు మించి ఏమీ ఆలోచించలేదు. వాడి చొక్కా తీసుకోవచ్చు. పుస్తకమే తీసుకున్నాను. అందులోనూ ఆ పుస్తకం, పిల్లలు దీవి మీద చిక్కుకుపోయే నవల. తెలిసి తెలిసి ఆ దరిద్రాన్ని సంచిలో పెట్టుకొచ్చానే, దాని వల్లే ఏదైనా జరిగితే అని అప్పుడే భయమేసింది, అయినా బయటికి తీసి పారేయలేకపోయాను, పారేస్తే ఇంకేదో అవుతుందని.

బడిలో ఇచ్చిన పాఠం అది. నవల ఎలా ముగుస్తుంది, ఆ ముగింపుకు అర్థమేమిటి, రెండు పేజీలు రాయాలి. వాడు చదవడు, నేను చదువుతాను. నేను పదో తరగతి దాటలేదు, సార్డిన్ చేపల ఫ్యాక్టరీలో కత్తెర పట్టాను, అది మూసేశాక ఇంట్లో పీతల్ని ఉడకబెట్టి కండ తీసే పని, అందుకని వాడి పుస్తకాలు వాడు పడుకున్నాక తీసి మెల్లగా, వేలు పెట్టి చదువుకుంటాను. "అమ్మా, నువ్వు చదివేశావుగా, చివర ఏమైందో చెప్పేయ్, రాసేస్తా," అన్నాడు మొన్న వంటింట్లో, నా ముందున్న గిన్నెలోంచి పీత కండ దొంగతనంగా నోట్లో వేసుకుంటూ. "చివర దాకా చదవలేదురా." "ఎందుకు?" "భయమేసి." వాడు పగలబడి నవ్వాడు. "పుస్తకానికి భయపడేదానివి నువ్వొక్కదానివేనమ్మా. గుల్ల చప్పుడు చేసినా ఉలిక్కిపడతావు." అప్పుడు మెరిల్ కూడా ఉన్నాడు, కాఫీ తాగుతూ, "అదంతా అబద్ధం," అన్నాడు, "అంతమంది మగపిల్లలు సముద్రం మధ్యలో ఉండి ఒక్కడికీ చేపలు పట్టడం రాదా? పందిని తరుముతారా? ఎవడు రాశాడో గానీ వాణ్ణి నా పడవలో ఒక్క వారం ఉంచుకుంటా." తండ్రీకొడుకులు ఇద్దరూ నవ్వారు, ఒకేలాగ, గడ్డం పైకెత్తి. ఆ నవ్వు ఇప్పుడు చెవిలో ఉంది. ఆ నవ్వు ఆగిపోయిన ఇల్లు ఎలా ఉంటుందో కూడా అప్పుడే కనిపించేసింది, వాడి కుర్చీ, వాడి బూట్లు, ఆపు లోర్నా, ఆపు.

అది పడవ ఇంజను చప్పుడు కాదు, అంబులెన్సు. వచ్చి సొసైటీ గోడ పక్కన ఆగింది, దీపం తిరుగుతోంది కానీ కూత లేదు, పొగమంచులో ఎర్రగా, మళ్లీ తెల్లగా. మెరిల్ రేవు అంచున నిలబడి తాడు చుట్ట చుడుతున్నాడు. రాత్రంతా వెతికి డీజిలు కోసం వచ్చినప్పుడే వాన్ మాట వినిపించింది, ఇక వెళ్లి లాభం లేదు, పొగమంచులో ఒకరినొకరు గుద్దుకుంటారు. చుట్టిన తాడునే విప్పి మళ్లీ చుడుతున్నాడు.  పడవ వైపే చూస్తున్నాడు, తన పడవ, పైకప్పు మీద తన రంగుల బెండు కట్టి ఉంటుంది, పసుపు మీద ఆకుపచ్చ చార. ఎవరి రంగులు వాళ్లవి ఇక్కడ, నీళ్ల అడుగున బోను ఉంటే నీళ్ల మీద బెండు తేలుతుంది, బెండు రంగు చూస్తే మనిషి పేరు తెలిసిపోతుంది, వాన్‌వి నారింజ తెలుపు. వేరేవాళ్ల చోట బోను దించితే ముందు హెచ్చరిక ఇస్తారు, బెండు మధ్యలో ఉండే కర్రకు తాడుతో రెండు మెలికల ముడి వేసి వదిలేస్తారు. నోటితో ఏమీ అనరు. ముడి చూసినవాడికి అర్థం కావాలి. అర్థం కాకపోతే తర్వాతిసారి కత్తి, తాడు తెగుతుంది, బోను అడుగునే కుళ్లిపోతుంది, బెండు ఎటో కొట్టుకుపోతుంది. ఆ ముడి మెరిల్ కోల్బీకి నేర్పినప్పుడు వాడికి ఆరేళ్లు, నా వంటింటి కుర్చీ కాలికి కట్టించాడు, వాడిది ఎడమచేతి వాటం, మెలికలు అందరికీ ఒక వైపు తిరిగితే వాడివి ఇంకో వైపు తిరిగేవి, "అట్లా కాదురా, నీ ముడి చూస్తే ఎవడు కట్టాడో ఊరంతా చెప్పేస్తుంది," అని మెరిల్ నవ్వాడు, నేను కూడా నవ్వాను, ఎంత ముద్దుగా కడుతున్నాడో అని. అన్ని కుర్చీలకూ కట్టాడు. పిల్లి తోకకు కూడా కట్టబోయాడు.

నిన్న పొద్దున బల్ల దగ్గర మెరిల్ కోల్బీతో అన్నాడు, నువ్వు కూడా ఇక నీ వంతు చెయ్యాలిరా, ఈ నీళ్లు రేపు నీవే కదా. ఏం వంతు అని నేను అడగలేదు, పెనంలో గుడ్డు తిప్పుతున్నాను, గుడ్డు పగిలింది. కోల్బీ తన చిన్న మోటారు పడవ తీసుకుని బడి అయ్యాక వెళ్లాడు, జేబులో తాడు ముక్కలున్నాయి, అవి నేను చూశాను. అంతకు వారం ముందు మెరిల్ తెల్లారకముందే వెళ్లి పొద్దెక్కకుండానే వచ్చాడు, లాబ్‌స్టర్లు లేవు, పొగమంచు అన్నాడు, సరే అన్నాను, ఆ చొక్కా ఉతుకుతుంటే ఎర వాసన లేదు. ఇరవై ఏళ్లుగా ఆ మనిషి బట్టలు ఉతుకుతున్నాను, కుళ్లిన హెర్రింగ్ చేప వాసన లేకుండా ఒక్కసారి కూడా సముద్రం నుంచి రాలేదు. ఎర ముట్టుకోకుండా సముద్రం మీద ఏం పని ఉంటుంది. శుభ్రంగా ఉన్న ఆ చొక్కాను ముక్కు దగ్గర పెట్టుకుని నిలబడ్డాను, ఇంకా వాసన వస్తుందేమో అని, రావాలి అని. తర్వాత ఆరేశాను. రెండ్రోజులకే బడి బస్సులో ఎవరో అన్నారట, వాన్ బెండ్లు ఒక వరస మొత్తం పోయాయని.

"ఏమే లోర్నా."

రోడా. అఖాతం చుట్టూ తిరిగి కారులో వచ్చింది, వాన్ పెళ్లాం, కోటు కింద రాత్రి గౌనే ఉంది, కాళ్లకు మగవాళ్ల బూట్లు. ఫ్యాక్టరీలో నేనూ ఆమె ఒకే బల్ల దగ్గర నిలబడ్డాం, కత్తెర జారి నా బొటనవేలు తెగితే పళ్లతో టేపు కొరికి చుట్టింది ఆమే. ఈ రెండేళ్లలో దుకాణంలో ఎదురైతే పక్క వరసలోకి తిరిగిపోయేది, నేనూ అంతే. "మీవాడు మావాళ్లని ఎక్కడికి తీసుకెళ్లాడే?" "తీసుకెళ్లడమేమిటి? మీవాళ్లకు పడవ లేదా?" "డ్వైట్‌కి ఎనిమిదేళ్లు. ఎనిమిదేళ్ల పిల్లాణ్ణి కూడా లాగాలా మీ గొడవలోకి?" "నోరు జాగ్రత్త రోడా. మా గొడవ అంట, మీరేదో చర్చిలో పాటలు పాడుకుంటున్నట్టు." "మేం ముడి వేశాం. మీరు కోశారు." ఆ మాట మెరిల్‌కి వినిపించింది, తాడు చుట్టే చెయ్యి ఒక్క క్షణం ఆగి మళ్లీ కదిలింది. నేను ఏదో అనాలని నోరు తెరిచాను, ఆ చొక్కా గుర్తొచ్చింది, మూసుకున్నాను. ఆమె నా పక్కన ఇంకో పీపా మీద కూలబడింది. చాలాసేపు ఇద్దరం గంట బోయా విన్నాం. తర్వాత వేరే గొంతుతో అడిగింది, "పడుకుని ఉన్నది ఎవరంటావే?"   రాత్రి నుంచి దేవుణ్ణి ఒకటే అడుగుతున్నాను, నా వాడు కాకూడదు, నా వాడు కాకూడదు అని, అంటే ఎవరు కావాలని అడుగుతున్నట్టు, ఈమె పెద్దవాడా, చిన్నవాడా, వరసపెట్టి దేవుడికి చూపిస్తున్నట్టే కదా. ఆమె పెదవులూ కదులుతున్నాయి. ఆమె ఎవరిని చూపిస్తోందో నాకు తెలుసు. పక్కపక్కన కూర్చుని ఒకరి బిడ్డను ఒకరం ఇచ్చేస్తున్నాం.

చేతులకు ఏదో ఒక పని కావాలి, పుస్తకం తీశాను. ఎక్కడ ఆపానో అక్కడ పేజీ మడిచి ఉంది, దీవి మీద పిల్లలు తమలో ఒకణ్ణి చంపడానికి ఈటెలు చెక్కుకుని అడవికి నిప్పు పెట్టిన చోటు. ఏమవుతుందో తెలుసుకోకుండా ఉండలేని సమయంలోనే చదవాలి కాబోలు అలాంటివి. ఆ పిల్లాడు పరుగెత్తాడు, వెనక మంట, మంట వెనక కేకలు, ఇసుకలో పడి దొర్లి తల ఎత్తి చూస్తే ఎదురుగా తెల్లటి బట్టలు, టోపీ, నౌకాదళం అధికారి. పొగ చూసి వచ్చాడు. చంపడానికి పెట్టిన నిప్పే కాపాడే ఓడను పిలిచింది. ఊపిరి వదిలాను, బతికాడు, చాలు, ఇక్కడితో మూసేద్దాం అనుకున్నాను, కానీ ఇంకా కొన్ని వరసలున్నాయి. ఆ అధికారికి మొదట ఇదంతా ఆటలా కనిపిస్తుంది. నవ్వుతూ అడుగుతాడు, ఎవరైనా చచ్చారా అని. చచ్చారు. అప్పుడు ముఖం మారుతుంది, మన దేశం పిల్లలు ఇంతకంటే బాగా ఉండాల్సింది అన్నట్టు మాట్లాడతాడు, అంటున్న మనిషి నడుముకు తుపాకీ, వెనక యుద్ధానికి వెళ్లే ఓడ. వాళ్లు తరిమిన ఆ పిల్లాడు, అప్పటిదాకా ఏడవనివాడు చచ్చిపోయిన స్నేహితుణ్ణి తలచుకుని వెక్కివెక్కి ఏడుస్తాడు, చూసి మిగతా పిల్లలూ ఏడుస్తారు, ఆ పెద్దమనిషికి ఏం చెయ్యాలో తోచక ముఖం పక్కకు తిప్పుకుని తన ఓడ వైపు చూస్తూ నిలబడతాడు. అంతే. అక్కడే అయిపోయింది. వెనక పేజీ తిప్పి చూశాను, ఖాళీ.

టీచరమ్మ చెప్పిందట, దాని అర్థం మనిషి లోపల చీకటి ఉంటుందని, పెద్దవాళ్లు లేకపోతే అది బయటికి వస్తుందని. కోల్బీ అట్ట లోపలి వైపు పెన్సిలుతో రాసుకున్నాడు, లోపల చీకటి, రెండుసార్లు గీత గీశాడు. ఏమో. నేను చదువుకున్నదాన్ని కాదు. కానీ ఆ పిల్లలకు ఈటె చెక్కడం ఎవరు నేర్పారు, పెద్దవాళ్లు లేనప్పుడు నేర్చుకున్నారా, ఉన్నప్పుడే నేర్చుకుని వెళ్లారా. వాళ్లను ఎక్కించుకుని ఆ ఓడ ఎక్కడికి వెళ్లింది, ఇంటికా, ముందు యుద్ధం ముగించుకుని తర్వాత ఇంటికా. నాకు అవన్నీ కూడా కాదు, ఒకటే మింగుడుపడటం లేదు, ఏడుస్తున్న పిల్లాణ్ణి ఎదురుగా పెట్టుకుని ఆ మనిషి పక్కకు తిరగడం. మర్యాద అనుకున్నాడేమో. సిగ్గేమో. ఒక్క అడుగు వేసి వాడి తల మీద చెయ్యి పెడితే ఏం పోయేది. తల ఎత్తాను. మెరిల్ తాడు చుట్టేసి, చెయ్యడానికి ఇంకేమీ లేక, తన పడవ వైపు చూస్తూ నిలబడి ఉన్నాడు. పుస్తకం ఠక్కున మూశాను.

వాసన. అప్పుడు గుర్తొచ్చింది, పొద్దుటి నుంచి మనసులో ఎక్కడో గుచ్చుకుంటున్నది ఇదే. తెల్లారుతుండగా వాన్ రేడియోలో మొదట ఒక మాట అన్నాడు, బెండ్లు కాలిన వాసన వస్తోంది, గాలికి ఎదురెళ్లి చూస్తా. ఆ వాసన మాకందరికీ తెలుసు, పాత బెండ్లు కాలిస్తే నల్లటి పొగ, గొంతు పట్టేస్తుంది, పొగమంచులో మంట కనిపించకపోయినా ఆ కంపు మైళ్లు పోతుంది. అప్పుడు నాకు ఒకటే సంతోషం, నిప్పు పెట్టారంటే బతికే ఉన్నారు, పోయిన నెల కోల్బీ జేబులో లైటరు దొరికితే సిగరెట్లు తాగుతున్నావని నానా మాటలూ అని డస్ట్‌బిన్‌లో పడేశాను, ఇంకోటి కొనుక్కున్నాడన్నమాట, కొనుక్కోనీ, వంద కొనుక్కోనీ. గాలి వచ్చే వైపు ఉన్నది ఒక్క దీవే, కానీ దాని మీద వాళ్లకు బెండ్లు ఎక్కడివి? గొర్రెల దీవి అది, మనుషులుండరు, వేసవిలో బొచ్చు కత్తిరించడానికి వెళతారు, అంతే. అఖాతంలో ఎక్కడ ఏది ఊడినా, ఏది తెగినా, నీటివాలు తీసుకెళ్లి ఆ దీవి వెనక రాళ్ల మీదే పడేస్తుంది, మా నాన్న పోగొట్టుకున్న తెడ్డు కూడా అక్కడే దొరికింది. తెగిన బెండ్లు. నారింజ తెలుపు. ఒక వరస మొత్తం. కత్తితో కోసిన తాడు కొస నున్నగా ఉంటుంది, రాయికి తెగినది పీచుపీచుగా ఉంటుంది, ఎనిమిదేళ్ల పిల్లాడికి కూడా ఆ తేడా తెలుసు. ఎబెన్ వాటిని చూసి ఉంటాడు. పక్కనే నా కొడుకు. ఇద్దరి దగ్గరా కత్తులు, ఇక్కడ కత్తి లేకుండా పడవ ఎక్కరు, తాడు కాలికి చుట్టుకుంటే కోసుకోవాలి కదా. రాత్రంతా, చలిలో, ఆ బెండ్ల కుప్ప మధ్య. అప్పటిదాకా నా వాడు చచ్చిపోతాడేమో అనే భయం, ఇప్పుడు ఇంకోటి లేచింది, దాని ముఖం చూడలేకపోయాను. పడుకుని ఉన్నవాడు నా వాడు కాకపోతే. కూర్చున్నవాళ్లలో నా వాడు ఉంటే. ఏం చేసి కూర్చున్నాడు. దేవుడా, నేను రాత్రంతా అడిగింది నువ్వు ఇచ్చేసి ఉంటే.

"రోడా," అన్నాను. "మీ ఎబెన్ మంచివాడే కదా." ఎందుకన్నానో నాకే తెలియదు. ఆమె నా వైపు వింతగా చూసి, "వాళ్ల నాన్నకంటే మంచివాడు," అంది, తర్వాత ఇద్దరం ఒకేసారి లేచి నిలబడ్డాం, ఇంజను. బరువైన చప్పుడు, మధ్యలో చిన్న దగ్గు, అది మెరిల్ పడవ లాంటిది కాదు, వాన్‌దే, రెండేళ్లుగా ఆ చప్పుడు వినిపిస్తే మా ఇంట్లో మాటలు ఆగిపోయేవి. తెల్లగోడలో ముందు నారింజ మరక కనిపించింది, పైకప్పు మీది బెండు, ఆ తర్వాత పడవ ముక్కు. నేను కళ్లు మూసుకుని తెరిచాను. ఇంజను పెట్టె మీద ఇద్దరు, దగ్గరగా, ఒకే గొంగళి కింద. ఒకడి తలకు నీలం టోపీ. కోల్బీ టోపీ. కోల్బీ. పక్కనే రోడా గొంతులోంచి వచ్చిన శబ్దం విన్నాను, జంతువు లాంటిది, ఎందుకంటే వెనక తాడు చుట్టల మీద పసుపు రబ్బరు కోటులో చుట్టి పడుకోబెట్టినది చాలా చిన్నది. ఆ కోటు కూడా కోల్బీదే. నా వాడు బతికాడన్న సంతోషం పుట్టిన చోటే ఆగిపోయింది.

వాన్ తాడు విసిరాడు. రేవు మీద తాడు పట్టుకోవలసిన చోట మెరిల్ ఉన్నాడు. పట్టుకున్నాడు. కట్టాడు. "నిద్రపోతున్నాడు," అన్నాడు వాన్ పెళ్లాంతో, వాతావరణం చెప్పినట్టే. "వాడికేం కాలేదు. రాత్రంతా ఏడ్చి ఇప్పుడు పడుకున్నాడు, లేపకు." రోడా మెట్ల నిచ్చెన దిగబోయి, పై కొస పట్టుకుని పక్కకు ఒదిగి ఉండిపోయింది. "అంబులెన్సు పెద్దవాడికి. చెయ్యి." వాన్ మెరిల్ వైపు తిరిగాడు. "కాలినవి నా బెండ్లే. బాగా కాలాయి. లేకపోతే దీవి దొరికేది కాదు." మెరిల్ కట్టిన తాడునే మళ్లీ బిగించాడు.

ఎబెన్ ఒంటి చేత్తో నిచ్చెన ఎక్కుతుంటే వెనక నుంచి కోల్బీ నడుం పట్టుకుని తోస్తున్నాడు. ఎబెన్ కుడి చెయ్యి మోచేతి నుంచి మణికట్టు దాకా బెండు కర్ర ఒకటి ఆన్చి తాడుతో కట్టి ఉంది, ఆ తాడు నా ముఖం దగ్గరికి వచ్చింది, రెండు మెలికల ముడి, పైన ఒకటి, మధ్యలో ఒకటి, కింద ఒకటి, మెలికలన్నీ ఎడమ వైపుకు తిరిగి. ఊరంతా చెప్పేసే ముడి. నా వంటింటి కుర్చీ కాళ్లన్నీ కళ్ల ముందు తిరిగాయి.

"ఎవడు చేశాడ్రా ఇది?" అంది రోడా.

"జారిపడ్డానమ్మా. పాచి మీద."

"కాదు," అన్నాడు కోల్బీ. గొంతు పొగకు బొంగురుపోయి ఉంది, ముఖమంతా మసి. "నేనే తోశాను. పంకాకి తాడు చుట్టుకుని నా మోటారు ఆగిపోయిందమ్మా, రాళ్ల మీదికి కొట్టుకుపోతుంటే వీళ్లిద్దరూ చూసి నన్ను లాగడానికి వచ్చారు. వాళ్ల పడవ కూడా పగిలిపోయింది. నా వల్లే. చుట్టుకున్న తాడు విప్పి చూస్తే దానికి బెండు ఉంది, వీళ్లదే, కొస నున్నగా ఉంది. మీ నాన్నే కోశాడు అన్నాడు వీడు. మా నాన్న కొయ్యడు, ముడి వేస్తాడు, అంతే అన్నాను. దీవి వెనక్కి వెళితే కుప్పలు. అన్నీ నున్నగా ఉన్నాయి. వీడు ఒక్కొక్కటీ తీసి నా ముఖం ముందు పెట్టాడు. తోశాను." వాడు ఆగాడు, కింది పెదవి వణికింది, చిన్నప్పుడు వణికినట్టే. "చప్పుడు వినిపించిందమ్మా, ఎముక చప్పుడు." అంతే, వాడి ముఖం విరిగిపోయింది, భుజాలు ఎగిరిపడుతూ ఏడుపు, పదిహేనేళ్లవాడు, మెరిల్ అంత పొడుగు వచ్చినవాడు, రేవు మధ్యలో నిలబడి, అది చూసి ఎబెన్ కూడా, వెనక తాళ్ల మీద నిద్ర లేచిన చిన్నవాడు కూడా. ఏడుస్తూనే కోల్బీ తండ్రి వైపు తిరిగాడు. "నాన్నా, కోసింది నువ్వేనా?"

వాన్ తన పడవ వైపు తిరిగి ఇంజను మీద ఏదో సర్దడం మొదలుపెట్టాడు. మెరిల్ ముఖం పక్కకు పోయింది, నెమ్మదిగా, నీళ్ల వైపు, పసుపు మీద ఆకుపచ్చ చార ఉన్న తన పడవ వైపు, పొగమంచులో దాన్ని ఎవరో ఎత్తుకుపోతారన్నట్టు.  గంట బోయా ఒకసారి మోగింది. నాకు ఆ ఖాళీ పేజీ కనిపించింది, వెనక ఏమీ రాసి లేనిది.

కోల్బీ తల నా భుజానికి లాక్కున్నాను, పొగ, గొర్రెలు, ఉప్పు, వాడి వాసన. ఆ తలను అలాగే పట్టుకుని ఇంకో చేత్తో మెరిల్ చొక్కా పట్టుకున్నాను, మోచేతి దగ్గర. నా గొంతు వణుకుతూనే వచ్చింది, నాకు వేరే గొంతు లేదు.

"పడవ ఎక్కడికీ పోదు మెరిల్. ఇటు తిరుగు. పిల్లాడు అడుగుతున్నాడు."

అతను తిరగలేదు. నేను వదల్లేదు. చొక్కా గుడ్డ పిడికిట్లో బిగుసుకుంటోంది, అంబులెన్సు దీపం ఎర్రగా వచ్చి పోతోంది, రోడా నిచ్చెన పక్క నుంచి చూస్తోంది, ఎబెన్ కట్టు చెయ్యి గుండెకు ఆనించుకుని చూస్తున్నాడు.  తర్వాత అతని మెడ మీది నరం కదలడం చూశాను, ముందు గడ్డం, తర్వాత చెంప, ఎండకూ ఉప్పుకూ పగిలిన ఆ చెంప, తడిగా, కొద్దికొద్దిగా మా వైపు.